ఆరో రీలు

కొండమ్మ నన్ను ఒకే ఒక్క సాయం అడిగింది. అందులో నాకు పైసా ఖర్చు లేదు, ఒళ్ళు వంచే పని లేదు. ఒక సాయంత్రం, పది నిమిషాలపాటు, నాకు తెలిసిన కథను తెలిసినట్టు చెప్పమంది. ఒట్టు వేయించుకుంది. వేశాను. తర్వాత ఏం చేశానో చెప్పడానికే ఇదంతా రాస్తున్నాను. నా మీద జాలి పడమని కాదు. జాలి పడేవాళ్ళను చూస్తే నాకు ఒళ్ళు మంట.

ముందు నేనెవరో చెప్పాలి. నా పేరు నాగభూషణరావు. చివర ఉన్న ఆ రావు మా వంశంలో ఎవరికీ లేదు. నాటకాల్లో చేరిన కొత్తలో, కరపత్రం మీద నిండుగా ఉంటుందని నేనే తగిలించుకున్నాను. ఆడవేషాలు వేసేవాణ్ణి. తర్వాత మాటల్లేని సినిమాలు వచ్చాయి. ఆ రోజుల్లో తెర మీద మనుషులు ఊరికే పెదాలు కదిపేవాళ్ళు. పక్కన ఒక మనిషి నిలబడి, ఇడుగో వీడు జమీందారు, అడుగో వాడు దొంగ, ఇప్పుడామె ఏడుస్తూ ఇలా అంటోంది అని జనానికి కథ చెప్పేవాడు. నరసరావుపేటలో ఆ మనిషిని నేనే. ఆడదానికి ఆడగొంతు, మగాడికి మగగొంతు, గుర్రానికి గుర్రం గొంతు. నేను ఏడిస్తే డేరా అంతా ఏడ్చేది. కోతలు అనుకుంటారేమో, ఆ ఊరి ముసలివాళ్ళను అడగండి.

అంతలో బొమ్మలకే మాటలొచ్చాయి. నా గొంతుతో ఎవరికీ పని లేకుండా పోయింది. అక్కడా ఇక్కడా తిరిగి, చివరికి మాచర్లలో బ్రహ్మానందంగారి డేరా సినిమాలో, గేటు దగ్గర టికెట్లు చింపే పనిలో తేలాను. లోపల తెర మీద ఎవరెవరో మాట్లాడుతుంటే బయట నిలబడి వినేవాణ్ణి. పదేళ్ళు అలా నోరు కట్టుకుని బతికాను.

అది 1943 ఎండాకాలం, యుద్ధం రోజులు. మా డేరా రైలు స్టేషను పక్కన ఖాళీ జాగాలో ఉండేది. ఒక సాయంత్రం ఆట మధ్యలో మిషనులోంచి పొగ వచ్చింది. ఆపరేటరు మౌలాలీ చెమటలు కక్కుకుంటూ వచ్చి, "బొమ్మ పడతది గానీ మాట రాదు సెట్టిగారూ. మాట పలికించే సామాను మాడిపోయింది" అన్నాడు. కొత్తది మద్రాసు నుంచి రావాలి. యుద్ధం పేరు చెప్పి నెల పైన పడుతుందన్నారు.

నెల రోజులు డేరా మూసుకుని గోళ్ళు గిల్లుకుంటూ కూర్చునే మనిషి కాదు బ్రహ్మానందంగారు. ఆయన గోడౌనులో, వేరుశనగ బస్తాల వెనక, ఎప్పుడో దివాలా తీసిన కంపెనీ దగ్గర కొన్న పాత సామానులో ఆరు రేకు డబ్బాలు దొరికాయి. మౌలాలీ ఒక రీలు ముక్కను ఎండకు పట్టి చూపించాడు. ఆ మీసాలాయనను, ఆ పెద్దకళ్ళ ఆమెను నేనెరుగుదును. పద్దెనిమిదేళ్ళ కిందట నరసరావుపేటలో ఈ బొమ్మకే ఇరవై రోజులు కథ చెప్పాను. అప్పుడు దీనితోపాటు ఒక ఇంగ్లీషు కాగితం వచ్చింది. స్కూలు మాస్టారొకాయన చదివి చెబితే కథ మొత్తం బట్టీ పట్టాను.

"ఇది ఇటలీ బొమ్మ సెట్టిగారూ. దీని కథ నాకు నోటికొచ్చు" అన్నాను.

"ఇటలీ అనమాక!" అన్నాడాయన గభాలున. "ఆళ్ళతో మనోళ్ళకి యుద్ధం జరగతంది. కానిస్టేబులు చెవిన పడితే డేరా పీకేస్తాడు. లండను బొమ్మ అను. ఎవుడు చూడొచ్చాడు?"

కథ చిన్నదే. ఒక మీసాల దొర, ఆయన పెళ్ళాం. ఇద్దరికీ ఒకరంటే ఒకరికి ప్రాణం. ఒకరోజు ఆ పెళ్ళాం, మొగుడు చూడకుండా, తోట గేటు దగ్గర ఒక కుర్రాడికి తన నగల పెట్టె ఇస్తుంది. వాడి తల నిమురుతుంది. మొగుడు పైనుంచి కిటికీలో చూస్తాడు. అక్కడి నుంచి ఆయనకు తిండి లేదు, నిద్ర లేదు. అడగడు. అడిగితే ఏం చెబుతుందోనని భయం. అయిదో రీలు చివర ఆయన పిస్తోలు పట్టుకుని తలుపు చాటున నిలబడతాడు, ఆమె నవ్వుకుంటూ గదిలోకి వస్తుంది. ఆరో రీలులో అసలు సంగతి తెలుస్తుంది. ఆ కుర్రాడు ఆమె తమ్ముడు. ఓడ మునిగి చచ్చిపోయాడని అందరూ ఏడ్చి ఊరుకున్న తమ్ముడు. చెయ్యని హత్య వాడి మీద పడితే దాక్కుని తిరుగుతున్నాడు. మొగుడు పిస్తోలు పారేసి ఆమె కాళ్ళు పట్టుకుంటాడు. ఇదీ కథ.

తీరా ఆరో డబ్బా మూత తీస్తే గుప్పుమని కంపు కొట్టింది. లోపల రీలంతా కరిగి, పాకం ముదిరి అడుగంటిన బెల్లంలా ముద్దయి ఉంది. మౌలాలీ వేలు పెట్టి చూసి, "ఖతం" అన్నాడు.

"దానికేం? ఆ ముక్క నోటితో చెప్తా" అన్నాను. పదేళ్ళ తర్వాత నోరు తెరిచే అవకాశం వచ్చింది, వదులుతానా!

మొదటిరోజు అలాగే చేశాను. అయిదు రీళ్ళూ జనం ఊపిరి బిగబట్టి చూశారు. తర్వాత తెర చీకటైంది. లాంతరు పట్టుకుని నిలబడి తమ్ముడి సంగతి, మొగుడు కాళ్ళు పట్టుకోవడం, అంతా చెప్పాను. ఎంత బాగా చెప్పానో నాకు తెలుసు. కానీ బొమ్మ లేదు కదా. జనం కాసేపు గుటకలు మింగి, గొణగడం మొదలుపెట్టారు. "ఏందయ్యా, కాల్చకుండానే వదిలేశాడా?" అని ఒకడు అరిచాడు. "దీనికా పిస్తోలు తీసింది? పేనుని చంపడానికా?" అని ఇంకొకడు. డేరా అంతా గొల్లుమంది. తువ్వాలు దులుపుకుని లేచిపోయారు.

బ్రహ్మానందంగారు నా ముఖాన పేడనీళ్ళు చల్లినంత పని చేశాడు. "మనిషి పిస్తోలు పట్టుకున్నాక పేలాల్నా వద్దా? రేపు పేలకపోతే నువ్వు మళ్ళీ గేటు కాడికి పో."

మర్నాడు పేలింది. అయిదో రీలు అయిపోయి చీకటి పడగానే నేను కాలితో నేలను తన్నేవాణ్ణి. అది గుర్తు. తెర వెనక మౌలాలీ పెద్ద టపాకాయ కాల్చేవాడు. ఢామ్మని మోత. వెంటనే నేను ఆడగొంతుతో ఒక కేక వేసేవాణ్ణి. ఆ కేక మామూలుది కాదు. నాటకాల్లో పదేళ్ళు సానబట్టింది. తర్వాత మొగుడి గొంతుతో, "నమ్మినందుకు ఇదా ఫలం!" అనేవాణ్ణి. ఆ కుర్రాడు ఎవరంటే ప్రియుడు. తమ్ముడూ లేడు, ఓడా లేదు. ఈలలు, చప్పట్లు, నా కాళ్ళ దగ్గర చిల్లర కురిసింది. రెంటచింతల నుంచి, వెల్దుర్తి నుంచి బండ్లు కట్టుకుని వచ్చారు ఆ కేక వినడానికి. ఒక నిరపరాధిని రోజుకొకసారి చంపుతున్నానని నాకు తట్టలేదు. తట్టినా, బొమ్మే కదా అనుకున్నాను. ఛీ, నా బతుకు.

ఇక కొండమ్మ సంగతి. డేరా వాళ్ళకు ముగ్గురికీ అన్నం వండి పెట్టేది ఆమే. స్టేషను అవతల గుడిసె. నన్ను బాబాయ్ అనేది. ఆ వరసన ఆమె మొగుడు ఆదెయ్య నన్ను మామా అనేవాడు. ఊరవతల నాపరాయి క్వారీలో రాళ్ళు కొడతాడు. ఆరడుగుల మనిషి. సమ్మెట ఎత్తితే రాయి దానంతట అదే పగలాలనిపించేది. ఒట్టి అమాయకుడు, పెళ్ళామంటే పిచ్చి. అన్నం తట్ట తనే మోసుకొచ్చి, "మామా, మీ కూతురు ఇయ్యాల పులుసులో ఉప్పు మర్చిపోయింది. నామీదే ధ్యాస, ఏం చేస్తది పాపం" అని పళ్ళికిలించేవాడు. ఆమె వెనకనుంచి వచ్చి వీపు మీద ఒక్కటి చరిచేది. ఆదెయ్యకు ఒకటే లోపం. కల్లు పడితే వాడి నోట్లో నువ్వుగింజ నానదు. పక్కింటి సంగతి, పై ఊరి సంగతి, తన సంగతి, మొత్తం కల్లుపాకలో కక్కేవాడు.

కొండమ్మకు వెనకాముందూ ఎవరూ లేరు, ఒక్క తమ్ముడు తప్ప. పోలయ్య అని. తల్లి పోతే చంకనెత్తుకుని పెంచింది. వాడు మిలటరీలో చేరి బర్మా వెళ్ళాడు. కిందటేడు కాగితం వచ్చింది, తప్పిపోయాడు, చనిపోయినట్టే అనుకోవాలి అని. శవం లేని చావు. గడ్డితో మనిషిని కట్టి, చంద్రవంక వాగు ఒడ్డున చితి మీద పెట్టి, ఆదెయ్యే నిప్పంటించాడు. దినాలన్నీ బామ్మర్దికి తన చేత్తోనే చేశాడు, గుండు గీయించుకుని మరీ. నేనూ వెళ్ళాను. మా పక్క అలా కర్మ చేసినవాడు ఇక లేనట్టే. పొరపాటున తిరిగొచ్చినా గడప దాటి రానివ్వరు, అరిష్టం అంటారు.

మొదటిరోజు ఆటకు ఆదెయ్య రాలేదు. పేలుడు పెట్టాకే ఆ సినిమా మూడుసార్లు చూశాడు. మూడోసారి ఆట అయ్యాక నా దగ్గరికొచ్చి చతికిలబడ్డాడు.

"మామా, ఆ దొరకి ముందే ఎందుకు అనుమానం రాలా? ఆడది అట్టాంటి పని చేస్తంటే తెలవదా మొగుడికి?"

అప్పుడైనా నోరు మూసుకోవాల్సింది. ఈలలు చెవుల్లో ఇంకా మోగుతున్నాయి. పెద్ద పండితుడిలా కాలు మీద కాలేసుకుని, "తెలుస్తుందిరా, చూసే కన్నుండాలి. చెప్పకుండా బయటికి వెళ్తుంది. ఇంట్లో తిండీ వస్తువులూ తరుగుతాయి. అడిగితే మాట మారుస్తుంది. ఊరికే తనలో తను నవ్వుకుంటుంది" అన్నాను.

ఆదెయ్య నవ్వలేదు. "నవ్వుకుంటదా?" అని మళ్ళీ అడిగాడు. "నవ్వుకుంటుంది" అన్నాను. లేచి వెళ్ళిపోయాడు. పిచ్చివెధవ, కథలో ఎంత మునిగిపోయాడో అనుకుని మురిసిపోయాను.

రెండు రోజుల తర్వాత పొద్దున్నే కొండమ్మ వచ్చింది. చేతికి గాజుల్లేవు, మణికట్టు చుట్టూ కమిలి ఉంది. తట్ట కింద పెట్టి, అటూ ఇటూ చూసి, నా ఎదురుగా కూర్చుంది.

"బాబాయ్, మొదటిరోజు నేను చూశా ఆ బొమ్మ. ఆడోళ్ళ వైపు కూర్చున్నా. ఆయాల తమ్ముడన్నావు. ఇప్పుడు మిండగాడంటన్నావంట. ఏది నిజం?"

"మొదటిరోజు చెప్పిందే నిజమమ్మా. జనానికి నచ్చలా."

ఆమె కళ్ళు నీళ్ళతో నిండిపోయాయి. ఏడుపు కాదది. ఏదో దొరికినట్టుగా చూసింది.

"బాబాయ్, ఈ మాట నీకు తప్ప ఎవరికీ చెప్పలా. మా పోలిగాడు బతికే ఉన్నాడు."

నేను ఇంకాస్త దగ్గరికి జరిగాను.

"బర్మాలో అంతా పారిపోతంటే ఈడూ పారిపోయాడంట. అడవులెంబడ, రైళ్ళెంబడ, యాడాది పట్టింది రావడానికి. వెల్దుర్తి దోవలో పాడుబడ్డ సున్నపుబట్టీ ఉందే, ఆడ దాక్కున్నాడు. ఒళ్ళు తెలీని చలిజొరం. మిలటరీ నుంచి పారిపోయినోణ్ణి కాల్చేస్తారంట గదా? స్టేషను గోడకి కాగితం కూడా అంటించారు. తెల్లారకముందే ఇంత గంజి పోసొస్తన్నా. జొరం తగ్గితే ఏరు దాటి నైజాంలోకి పోతాడు. ఇంకో నాలుగు రోజులు, అంతే."

"ఆదెయ్యకు చెప్పలేదా?"

"ఎట్టా చెప్పను బాబాయ్? కల్లు తాగితే ఆయన నోటికి తాళం ఉండదు గదా. బామ్మర్ది బతికొచ్చాడన్న సంతోషంతోనే ఊరంతా చాటేస్తాడు. పోలీసులు ఈణ్ణి తీసకపోతారు. చెప్పకపోతే నన్ను చంపేట్టున్నాడు. తెల్లారగట్ట యాడికి పోతన్నావని చెయ్యి పట్టుకుని అడిగాడు. పిడకలకన్నా. నమ్మలా. నా మొగుడు నా మొకం చూడ్డం మానేశాడు బాబాయ్. పెళ్ళయి ఏడేళ్ళు, ఒక్క మాట అనలేదు నన్ను."

నేను చెబుతానమ్మా వాడికి అన్నాను. ఆమె గట్టిగా తల అడ్డంగా ఊపింది.

"వద్దు. నువ్వు చెప్తే పోలిగాడి సంగతి బయటపడ్డట్టే. నువ్వు కథ చెప్పు చాలు. ఇయ్యాల ఆయన మళ్ళీ ఆటకొస్తన్నాడు. మొదటిరోజు చెప్పిన కథ చెప్పు. తమ్ముడని చెప్పు. చచ్చిపోయాడనుకున్న తమ్ముడని చెప్పు. ఆ ముక్క చెవినబడితే మనసులో ఒక్క పిసరన్నా ఆగుతాడు. ఆయన మంచోడే బాబాయ్. నాలుగు రోజులు ఆగితే చాలు, తర్వాత నేనే కాళ్ళ మీద పడి అంతా చెప్తా."

చెయ్యి చాపింది. కమిలిన ఆ చేతిలో చెయ్యి వేసి ఒట్టు పెట్టాను. "పేలుడు ఉండదు, కేక ఉండదు" అన్నాను. తట్టలోంచి అన్నం తీసి నాకు రెండు ముద్దలు ఎక్కువ వడ్డించింది.

ఆ సాయంత్రం డేరా కిటకిటలాడింది. బ్రహ్మానందంగారు గుంటూరు నుంచి ఇద్దరు వ్యాపారస్తులను పిలిపించి ముందు కుర్చీల్లో కూర్చోబెట్టాడు. "మావాడి కేక వినండి, ఒళ్ళు జలదరిస్తది" అని వాళ్ళతో చెప్పడం నేను విన్నాను. ఆదెయ్య నేల మీద మొదటి వరసలో, మోకాళ్ళ చుట్టూ చేతులు కట్టుకుని కూర్చున్నాడు. అడ్డంగా కట్టిన గుడ్డకు అవతల, ఆడవాళ్ళలో, కొండమ్మ ముఖం కనిపించింది. నన్నే చూస్తోంది.

మౌలాలీకి టపాకాయ వద్దని చెప్పాలి. పొద్దుటినుంచి చెబుదామనుకుంటూనే ఉన్నాను. చెప్పలేదు. మర్చిపోయానని చాలాకాలం నాకు నేను సర్దిచెప్పుకున్నాను. మర్చిపోలేదు.

అయిదు రీళ్ళూ నడిచాయి. ఆ రోజు నా గొంతు ఎన్నడూ లేనంత బాగా పలికింది. దొర పిస్తోలు తీసి తలుపు చాటుకు వెళ్ళాడు. ఆమె నవ్వుకుంటూ వచ్చింది. చీకటి. జనం ముందే మొదలుపెట్టారు: "కాల్చు! కాల్చు!"

"ఆగండి" అన్నాను. "ఆ కుర్రాడు ఎవరో తెలుసా?"

"తెలుసులే, మిండగాడు!" అన్నాడెవడో. గొల్లున నవ్వు.

"కాదు. ఆమెకు ఒక..."

నవ్వు ఆగింది. నిశ్శబ్దం. కానీ అది నా మాట కోసం ఎదురుచూసే నిశ్శబ్దం కాదు. మొదటిరోజు నాటి నిశ్శబ్దం. గుటకలు మింగి, తువ్వాళ్ళు దులుపుకునే ముందుండే నిశ్శబ్దం. కుర్చీల వరసలో ఎవరో ఆవలించారు. "ఏందిరా నసుగుతన్నాడు" అన్న మాట వినబడింది. పదేళ్ళు గేటు దగ్గర నిలబడ్డ రోజులన్నీ ఒక్కసారిగా కళ్ళ ముందుకొచ్చాయి. రేపు మళ్ళీ అక్కడే.

నా కాలు నేలను తన్నింది.

ఢామ్మంది. నేను కేక వేశాను. అయ్యా, అంత గొప్ప కేక నేను జీవితంలో వెయ్యలేదు. డేరా గుంజలు కదిలాయి. గుంటూరు వాళ్ళు లేచి నిలబడి చప్పట్లు కొట్టారు. లాంతరు ఎత్తి చూస్తే ఆదెయ్య కూర్చున్న చోట ఖాళీగా ఉంది. గుడ్డకు అవతల కొండమ్మ ఇంకా అక్కడే ఉంది. కళ్ళార్పకుండా నన్ను చూసి, పైట నోటికి అడ్డం పెట్టుకుని, జనంలో కలిసిపోయింది.

అప్పుడన్నా పరుగెత్తి ఆదెయ్యను పట్టుకుని ఉండవలసింది. గుంటూరు వాళ్ళు నా భుజం తట్టారు. బ్రహ్మానందంగారు సోడా తెప్పించాడు. పొద్దున్నే వెళ్ళి వాడితో మాట్లాడదాంలే అనుకున్నాను. అలా అనుకుని పడుకున్నాను. నిద్ర కూడా పట్టింది.

పొద్దున నన్ను లేపింది మౌలాలీ. "రావుసాబ్, సున్నపుబట్టీ కాడ మనిషిని చంపేశాడంట. మన ఆదెయ్య" అన్నాడు. నేను వెళ్ళేసరికి ఎండ అప్పుడే చుర్రుమంటోంది. క్వారీ వాళ్ళు చుట్టూ మూగి ఉన్నారు. ముంత బోర్లాపడి గంజి మట్టిలో ఇంకిపోయి ఉంది. పక్కన సమ్మెట. బట్టీ గోడకు ఆనుకుని ఆదెయ్య కూర్చున్నాడు. కొండమ్మ తమ్ముడి తల ఒళ్ళో పెట్టుకుని, కొంగుతో ఈగలు తోలుతోంది. ఏడవడం లేదు.

ఏం జరిగిందో క్వారీ వాళ్ళు చెప్పారు. ఆమె వెనకే వచ్చి ఆదెయ్య గోడ చాటున నిలబడ్డాడు. పోలయ్య ఇటు వీపు పెట్టి గంజి తాగుతున్నాడు, ఆమె తల నిమురుతోంది. ఒక్క దెబ్బ. తర్వాత కాలితో వెల్లకిలా తిప్పి ముఖం చూశాడు. చూసి, అలాగే కూలబడ్డాడంట. గంటసేపు ఒకటే మాట అన్నాడంట, "ఈడికి నేనే గదరా నిప్పు పెట్టింది" అని.

మూడో రోజు ఆదెయ్యను బేడీలు వేసి గుంటూరు రైలెక్కిస్తుంటే స్టేషనుకు వెళ్ళాను. వెళ్ళకుండా ఉండలేకపోయాను. కానిస్టేబులు బీడీ ముట్టించుకుంటూ ఒక నిమిషం మాట్లాడనిచ్చాడు. ఆదెయ్య నన్ను పరాయివాడిలా చూశాడు.

"మామా, ఒకటడుగుతా. ఆ బొమ్మలో కుర్రోడు ఆమెకి ఏమవుతాడు? నిజం చెప్పు."

"తమ్ముడు" అన్నాను.

"నీకెప్పట్నుంచి తెలుసు?"

"మొదటినుంచీ."

కోప్పడలేదు. కొట్టలేదు. కొట్టినా బాగుండేది. పట్టాలకేసి చూస్తూ అన్నాడు.

"ఆయాల నేను సమ్మెట ఎత్తినప్పుడు కొండమ్మ నన్ను చూసింది మామా. చూసి కేకేసింది. తమ్ముడనే అరిచింది. నాకు వినపడింది. కానీ ఆ కేక అచ్చం నువ్వు డేరాలో ఏసే కేకలాగే ఉంది. దొంగముండలు ఇట్టాగే అరుస్తారు గదా అనుకున్నా. చెయ్యి ఆగలా."

రైలు కదిలింది. వాడికి యావజ్జీవం పడింది. ఇప్పుడు రాజమండ్రి జైల్లో ఉన్నాడు. పోలయ్యకు రెండోసారి కర్మ చెయ్యడానికి మగదిక్కు లేకపోతే కొండమ్మే చంద్రవంక ఒడ్డున నిప్పంటించింది. ఒకసారి చచ్చినవాడికి మళ్ళీ ఏం చెయ్యాలో తెలియదని బ్రాహ్మడు రాలేదు. ఊరు రాలేదు. నేను వెళ్ళి దూరంగా నిలబడ్డాను.

ఆ వారంలోనే మద్రాసు నుంచి సామాను వచ్చింది. బొమ్మలు మళ్ళీ మాట్లాడాయి. బ్రహ్మానందంగారు ఆ అయిదు రీళ్ళూ గోడౌనులో పారేశాడు. నేను గేటు దగ్గరికి వచ్చాను. ఎవరైనా పాతవాళ్ళు కనబడి, "రావుగారూ, ఆ కేక ఒక్కసారి వెయ్యండి" అంటే, గొంతు పోయిందని చెబుతాను. గొంతు పోలేదు, దిట్టంగా ఉంది.

కొండమ్మ ఊరు వదిలి పోలేదు. పోవడానికి ఎక్కడుంది గనుక? ఇవాళ్టికీ డేరాకు అన్నం ఆమే తెస్తుంది. తట్ట దించి, విస్తరి వేసి, నాకు అన్నం పెడుతుంది. మౌలాలీకి ఎంతో నాకూ అంతే, ఒక్క మెతుకు తక్కువ పెట్టదు. ఆరేళ్ళుగా ఆ చేతి అన్నమే తింటున్నాను. మొదట్లో ఒకసారి గుండె చిక్కబట్టుకుని, "అమ్మా కొండమ్మా" అని కాళ్ళ మీద పడబోయాను. ఆమె పక్కకు జరిగి, పప్పు గరిట ఎత్తి పట్టుకుని నిలబడింది.

"ఇంకా ఎయ్యమంటావా?" అంది. బాబాయ్ అనలేదు. ఆ తర్వాత ఎప్పుడూ అనలేదు.